చెరువులో కొంగలుండగా

మొన్న వేసవిలో అమ్మ పోయింది. చెరువు నెర్రెలిచ్చి ఉంది. తప్పెటలు ఇంటి ముందు పొద్దున మొదలై పాడె లేచేదాకా మోగాయి. వచ్చినవాళ్ళంతా బాగా జరిగిందన్నారు. నాకు మాత్రం ఆ చప్పుడు వింటున్నంతసేపూ నాయన పోయిన రోజే గుర్తుకొచ్చింది. ఆయనకి తప్పెట మోగలేదు.

నాయన పోయింది కార్తీకం చివర్లో. అప్పటికి చెరువులో కొంగలు గూళ్ళు కట్టి గుడ్లు పెట్టాయి. మోగకపోవడానికి కారణం అదే.

మా ప్రాంతం తెలియనివాళ్ళకి ఇది కొంచెం విడమరచి చెప్పాలి. మా ఊరు ఉదయగిరికీ ఆత్మకూరుకీ నడుమ, దారికి బాగా లోపలగా ఉంటుంది. అంతా మెట్ట. ఉన్న కాస్త మాగాణీ చెరువు కిందే. వానలు పడి చెరువు నిండగానే నీళ్ళలో నిలబడ్డ నల్లతుమ్మ చెట్ల మీద కొంగలు దిగుతాయి. తెల్లవి, నత్తలు తినేవి, ఎర్రకాళ్ళవి, ఉదయగిరి చెక్క గరిటెలాంటి ముక్కున్నవి, వాటితోపాటు నీటికాకులు. పిల్లలకి రెక్కలొచ్చేదాకా ఉంటాయి. వాటి రెట్ట నీళ్ళలో కలిసి తూము గుండా పొలాలకి పారుతుంది. ఆ పొలాలకి వేరే ఎరువు తోలినవాళ్ళని నేను చూడలేదు. అందుకని గూళ్ళు కట్టినప్పటి నుంచి పిల్లలు ఎగిరిపోయేదాకా ఊళ్ళో ఎవరూ తప్పెట ముట్టరు. మేళం లేకుండా పెళ్ళి చెయ్యరు గనక ఆ నెలల్లో పెళ్ళిళ్ళు పెట్టుకోరు. జాతర వేసవికి జరిపారు. చావును జరపలేరు.

మా వైపు తప్పెట లేకుండా పోయేది దిక్కులేని శవం. అమ్మకి అదే బాధ. పాడె కట్టేటప్పుడు చిన్నాయనని లోపలికి పిలిపించింది. చిన్నాయన నాయనకి తమ్ముడు, ఊరి పంచాయతీకి పెద్ద.

"రెండు దెబ్బలన్నా కొట్టించు అబ్బయ్యా. గడప దాటేటప్పుడు రెండే. ఆయనేమన్నా దిక్కులేనోడా?"

"కట్టుబాటు వదినా. మనింట్లోనే తప్పితే రేపు ఊరోళ్ళకి ఏం మొగం పెట్టుకోని చెప్పేది?"

"రెండు దెబ్బలకే కొంగలు లేచిపోతాయా?"

"రెండని నువ్వంటావు. రేపింకొకడు నాలుగంటాడు. వద్దు."

ఆయన అన్నది తప్పు కాదు. నేను అక్కడే నిలబడి ఉన్నాను, తప్పని నాకూ అనిపించలేదు. అమ్మ మళ్ళీ అడగలేదు. ఏడుస్తున్న ఆడవాళ్ళని కూడా గొంతు తగ్గించమంది. చెరువుకట్ట మీదుగా నాయనని మోసుకుపోతుంటే మా కాళ్ళ చప్పుడు, ఎవరిదో దగ్గు, తుమ్మచెట్ల మీద కొంగల గొడవ మాత్రమే వినపడ్డాయి.

పుష్యం నడుస్తుండగా చిన్నాయన ఆత్మకూరులో నేను పాఠం చెబుతున్న బడికి వచ్చాడు. గది బయటికి పిలిచి, కూర్చోకుండానే విషయం చెప్పాడు. ఒక దొరా దొరసానీ వస్తున్నారు. ఆ దొర తూర్పు ఆఫ్రికాలో చాలా ఏళ్ళు కాఫీ తోటలు చూశాడు. అక్కడికి వచ్చే అతిథులని సరస్సుల వెంట, అడవుల వెంట తిప్పి పిట్టల్ని చూపించేవాడు. ఇప్పుడు మన వైపు పిట్టల్ని చూసి, కదిలే బొమ్మలు తీసుకుపోవాలని వస్తున్నాడు. జిల్లాలో రోడ్లు చూసే అధికారికి అతను చిన్ననాటి స్నేహితుడు. మా ఊరికి బస్సు రోడ్డు కావాలని చిన్నాయన తిరగని చోటు లేదు.

"నీకు ఇంగ్లీషు వచ్చుగదా. సెలవు పెట్టి రా. దారి చూపించు, వాడు చెప్పింది నాకు చెప్పు, నేను చెప్పింది వాడికి చెప్పు."

"ఏడాది తిరగలేదు చిన్నాయనా. వినోదాలకి నేను రాకూడదు."

"వినోదం ఎవురు పెడతన్నారు నీకు? పిట్టల్ని చూపించేది వినోదమా? ఈ వుద్యోగం ఎవురు ఇప్పించినారో మరిచిపోయినావా?"

మరిచిపోలేదు. మరిచిపోయే వీలు ఆయన ఎప్పుడూ ఇవ్వలేదు.

మొదటి రోజు ఆత్మకూరు చెరువుకి తీసుకుపోయాను. దొర ఎండకి కమిలిన పెద్ద మనిషి. దొరసాని సన్నగా ఉంటుంది, మెడలో దుర్భిణి వేలాడుతుంటుంది, అవసరమైతే తప్ప మాట్లాడదు. జీపు వాళ్ళే నడుపుకొచ్చారు. దొర నా తల వంక చూసి మొదట అడిగిన మాట, జబ్బు ఏదైనా చేసిందా అని. మా నాయన పోయాడు, అందుకని గుండు చేయించారని చెప్పాను. ఓహో, అని దుర్భిణి ఎత్తి గూడబాతుల వైపు తిప్పాడు.

కాసేపు చూసి, "ఇంతేనా?" అన్నాడు.

"ఏమంటన్నాడురా?" అన్నాడు చిన్నాయన.

"బాగుందంటున్నాడు."

"మా ఊరి చెరువు చూస్తే కళ్ళు తిరిగి పడతాడని చెప్పు."

మా ఊరి చెరువు కూడా చూస్తే సంతోషిస్తారని దొరకి చెప్పాను. ఆ ప్రయాణమంతా నా పని అదే. ఇటు మాటని అటు పోయేలోపల పలచన చెయ్యడం, అటు మాటని ఇటు వచ్చేలోపల పలచన చెయ్యడం. దొర ప్రతి చెట్టు కిందా తన సరస్సుల సంగతి ఎత్తేవాడు. అక్కడ నీళ్ళ ఒడ్డంతా గులాబిరంగు పక్షులే, మట్టి కనపడదు, ఇక్కడ ఒక పూటలో చూసినన్ని అక్కడ ఒక కొమ్మ మీద ఉంటాయి. అట్లాంటప్పుడు ఇక్కడికి ఎందుకు వచ్చినట్టు అని అడగాలనిపించింది. అడగలేదు. ఉద్యోగం గుర్తుంది.

రెండో రోజు ఉదయగిరి కొండ ఎక్కాం. కోట దారిలో కట్టెలు కొట్టుకొస్తున్న ఇద్దరు ఆడవాళ్ళు మోపులు దించి మమ్మల్ని ఆపారు. పెద్దావిడ నన్ను అడిగింది.

"యాడికి పోతన్నారు నాయనా, ఈ తెల్లోళ్ళతో?"

"పిట్టల్ని చూడడానికి."

"కొట్టుకోని వండుకుంటారా?"

"వండుకోరు. చూస్తారు."

"చూసి?"

"ఇంకోదాన్ని చూస్తారు."

"ఆ పైన?"

"ఇంటికి పోతారు."

ఆమె రెండో ఆమెతో, "వీళ్ళకి కూడెవురు పెడతన్నారమ్మే? మనల్ని గూడా అడుగుదాం పా, కాకుల్ని చూపిస్తామని," అంది. ఇద్దరూ నవ్వి మోపులెత్తుకున్నారు. దొర ఏమన్నారని అడిగాడు. కొండ మీద పిట్టలు బాగా ఉన్నాయంటున్నారని చెప్పాను.

నిజానికి ఆ రోజు పెద్దగా ఏమీ కనపడలేదు. రెండు నెమళ్ళు, ఒక అడవికోడి, పికిలి పిట్టలు. దొర విసుగుతో ఇంకా పైకి నడిపించాడు. చిన్నాయనకి మోకాళ్ళ నొప్పి. తెల్లటి ఖద్దరు చొక్కా చెమటకి ఒంటికి అంటుకుపోయింది. ముఖం మీద నవ్వు చెదరకుండా, "వీడి కడుపు మాడ, ఇంకెంత దూరం ఎక్కిస్తాడురా? నవ్వరా, నువ్వు గూడా నవ్వు, వాడు చూస్తన్నాడు," అన్నాడు. నేను నవ్వలేదు.

కోట గోడ నీడలో కూర్చున్నాక దొర అసలు సంగతి బయటపెట్టాడు. కూర్చున్న పక్షులు అతని బొమ్మకి పనికిరావు. అన్నీ ఒక్కసారి లేవాలి. ఆఫ్రికాలో ఒక మనిషిని ఒడ్డుకు పంపి రేకు డబ్బా కొట్టిస్తే సరస్సు సరస్సంతా లేచేదట. మీ చెరువులో అట్లా చేయించగలరా అని అడిగాడు.

ఈ మాటని పలచన చెయ్యడానికి ఏమీ లేదు. ఉన్నది ఉన్నట్టు చెప్పాను. చిన్నాయన వెంటనే, "డబ్బా ఎందుకు? తప్పెటలుండాయి గదా," అన్నాడు.

"గూళ్ళల్లో పిల్లలుండాయి చిన్నాయనా."

"ఒక్క నిమిషం. లేస్తాయి, మళ్ళా దిగతాయి."

"కట్టుబాటో?"

"కట్టుబాటు పెట్టింది మన పెద్దోళ్ళే గదా. రోడ్డు పడితే మీ అమ్మ గూడా బస్సెక్కతాది."

"మా అమ్మ రెండు దెబ్బలడిగింది."

చిన్నాయన నా వైపు తిరిగాడు. "అది వేరే," అన్నాడు.

"ఎట్లా వేరే?"

"అది చావు. ఇది ఊరి పని. ఎదురు మాట్లాడబాక. వాడికి సరేనని చెప్పు."

సరేనని చెప్పాను. దొరసాని దిగేటప్పుడు ఉదయగిరిలో ఒక గరిటె కొనుక్కుంది. జీపులో దాన్ని ఒళ్ళో పెట్టుకుని, గూళ్ళల్లో పిల్లలు చిన్నవా పెద్దవా అని నన్ను అడిగింది. ఇంకా ఎగరలేవని చెప్పాను. ఆమె భర్త వంక చూసింది. అతను చక్రం తిప్పుతూ దారి చూసుకుంటున్నాడు.

ఆ సాయంత్రం ఇంటికి పోయి అమ్మకి చెప్పాను. కొత్తగా భర్త పోయిన ఆడది మా ఇళ్ళల్లో ఏడాది దాకా గడప దాటదు. ఎవరికీ ఎదురు రాదు. అమ్మ లోపలి వసారాలో పప్పు చెరుగుతూ విన్నది.

"ఎప్పుడంట?"

"రేపు పొద్దున."

చేట ఆగలేదు.  నేను చెప్పి ఉండకూడదేమో అనుకున్నాను కానీ, ఎట్లాగూ తప్పెట ఇంట్లోకే వినపడుతుంది గదా.

మర్నాడు పొద్దున సగం ఊరు చెరువుకట్ట మీద ఉంది. ఎవరూ దొర దగ్గరికి పోలేదు. తప్పెట కొట్టే పెద్దాయన, అతని తమ్ముడు కట్ట దిగువన గడ్డి మంట వేసి తప్పెటలు కాస్తున్నారు. వేడి తగిలితేగానీ చర్మం బిగిసి గట్టిగా మోగదు. ఆ మంట చుట్టూ జనం మాటలు విసురుతున్నారు.

"ఏంది మావా, తప్పెట కాస్తన్నావు? ఎవురన్నా పోయినారా?"

"ఇంకా లేదురా."

"మరి ముందరే కాచి పెట్టుకుంటన్నావా?"

"మీ పంచాయతీ పెద్దనడుగు. ఆయన కాయమంటే కాస్తన్నా."

"ఏరా, నోరు లేస్తండాదే?" అన్నాడు చిన్నాయన పైనుంచి. "చెప్పిన పని చెయ్. దొర చెయ్యెత్తగానే కొట్టు."

దొర కట్ట మీద మూడుకాళ్ళ పీట నిలబెట్టి బొమ్మలు తీసే పెట్టె బిగించాడు. వెలుతురు బాగుందని నాతో అన్నాడు. ఆ మూడు రోజుల్లో అతను మెచ్చుకున్న మొదటి వస్తువు అది.

అప్పుడు జనం ఒక పక్కకి జరిగారు. అమ్మ వస్తున్నది. తల మీద కొంగు ఉంది కానీ ముఖం దాచుకోలేదు. ఎదురుపడకూడదని కొందరు అటు తిరిగి నిలబడ్డారు. అమ్మ ఎవరినీ చూడకుండా నేరుగా మంట దగ్గరికి పోయింది.

"కాచినావా?" అని పెద్దాయనని అడిగింది.

"కాచినానమ్మా."

"అయితే పద. ముందు మా ఇంటి ముందర కొట్టు. ఆ పొద్దు కొట్టాల్సింది."

చిన్నాయన గబగబా కట్ట దిగాడు. "ఏంది వదినా ఇది? గడప దాటి వస్తావా? ఇంట్లోకి పో. అందురూ చూస్తన్నారు."

"చూడనీ. మీ అన్న ఉత్త కాళ్ళ చప్పుడుతో పోయినాడు. కొంగలు బెదుర్తాయన్నావు. నేను నోరు మూసుకున్నాను. తెల్లోడి తప్పెటకి బెదరవా అవి?"

"రోడ్డు కోసం వదినా. ఊరి కోసం."

"రోడ్డున నువ్వు పో. ఆయనెట్ట పోయినాడో అది చెప్పు నాకు. కొట్టిస్తే రెండు చోట్లా కొట్టించు. ఆడ లేదంటే ఈడ గూడా లేదు."

"సరే, రెండు చోట్లా కొట్టిస్తాను. ముందీడ కానీ."

"ముందు పోయినోడికి ముందు."

 తప్పెట పెద్దాయన ఇద్దరి వంకా చూసి, తప్పెటని నేల మీద బోర్లించి, చేతులు తుడుచుకుని పక్కన నిలబడ్డాడు. తమ్ముడూ అదే చేశాడు. మంట మీద ఎవరో మట్టి పోశారు.

దొర ఏం జరుగుతున్నదని నన్ను అడిగాడు. మొత్తం చెప్పాను, ఈసారి పలచన చెయ్యకుండా. మా నాయన సంగతి, రెండు దెబ్బల సంగతి, అమ్మ తెల్లోడని అన్న సంగతి కూడా. అతను టోపీ తీశాడు. అట్లా అయితే తప్పెట వద్దేవద్దు, ఆమె మాటని నేను గౌరవిస్తున్నానని చెప్పు, అన్నాడు. ఆ మాట అమ్మకి చెప్పాను. అమ్మ అతని వంక ఒకసారి చూసి వెనక్కి తిరిగింది. ఇక గొడవ తీరిపోయిందనుకున్నాను. పొరపాటు పడ్డాను.

అమ్మ ఇంకా ఇంటి దారి పట్టకముందే దొర దొరసానిని పెట్టె దగ్గర నిలబడి మీట తిప్పమన్నాడు. తను జీపు దగ్గరికి పోయి హారన్ మీద అరచెయ్యి పెట్టి నొక్కాడు. చెయ్యి తియ్యలేదు.

కొంగలు ఎట్లా లేచాయో నేను వర్ణించను. అది అతని బొమ్మలో ఉంటుంది. నేను చూసింది ఆ తర్వాతది. సగం రెక్కలొచ్చిన పిల్లలు బెదిరి గూటి అంచుల మీదికి పాకి నీళ్ళలో పడ్డాయి. ఇంకా రెక్కలు రానివి గూళ్ళల్లోనే నోళ్ళు తెరిచాయి. తల్లులు దిగకముందే కాకులు దిగాయి, వాటి పైన గద్దలు. దొరసాని మీట వదిలేసి జీపెక్కి కూర్చుంది. దొర మాత్రం దగ్గరికి వచ్చి, అచ్చం అక్కడిలాగే, అన్నాడు. తప్పెట ముట్టుకోలేదు, ఆమె మాట నిలబెట్టాను, అని కూడా అన్నాడు. వెటకారం కాదు. అతను నిజంగానే అట్లా అనుకున్నాడు.

అతన్ని నేను క్షమించలేకపోవడానికి అదొక కారణం. రెండో కారణం, చిన్నాయనకి కూడా అదే సాకు దొరకడం. ఆయన అమ్మ దగ్గరికి పోయి మెల్లగా, "తప్పెట ముట్టలేదు గదా వదినా," అన్నాడు.

అమ్మ ఆయనకి జవాబు చెప్పలేదు. ఆ పొద్దే కాదు, ఆ తర్వాత పోయేదాకా ఆయనతో ఒక్క మాట మాట్లాడలేదు.

ఇక నా వల్ల కాదు, మీరు ఇంకొకరిని చూసుకోండని నేను దొరతో అన్నాను. ఇంకెవరూ అక్కర్లేదు, పని అయిపోయింది, అని పెట్టె సర్దుకున్నాడు. జీపు పోయేటప్పుడు చిన్నాయన దాని వెంట కట్ట చివరిదాకా నడిచి చెయ్యి ఊపాడు. వెనక నుంచి ఎవరో, "రోడ్డు మరిచిపోబాకండని చెప్పు మావా, నీకు ఇంగ్లీషు రాదు గదా!" అని అరిచారు.

సాయంత్రానికి కొన్ని కొంగలు తిరిగి దిగాయి. మర్నాడు అంతకంటే తక్కువ. కాకులు రుచి మరిగి పగలంతా చెట్ల మీదే ఉండేవి. అమావాస్య నాటికి తుమ్మచెట్లు రెట్టతో తెల్లగా, ఖాళీగా నిలబడ్డాయి. గాలి ఊరి వైపు తిరిగిన రోజు వాసనకి తలుపులు మూసుకున్నాం.

రోడ్డు పడింది, అబద్ధం చెప్పడమెందుకు. రెండేళ్ళకి కంకర పోశారు, బస్సు వచ్చింది. నేనూ ఎక్కాను. అప్పటికి చిన్నాయన నన్ను మర్రిపాడు అవతలి బడికి మార్పించాడు, సెలవులకి ఇంటికి రావాలంటే ఆ బస్సే దిక్కు. అమ్మ మాత్రం ఎక్కలేదు. ఆత్మకూరు పోవాలంటే బండి కట్టించుకునేది.

చెరువు ఖాళీ అయిన రోజుల్లోనే తప్పెట పెద్దాయన మా ఇంటికి వచ్చాడు. మర్నాడు నాయన మాసికం. అతను తప్పెట చంకన పెట్టుకుని వాకిట్లో నిలబడ్డాడు. అమ్మ గడపకి లోపల కూర్చుని ఉంది, నేను అరుగు మీద ఉన్నాను.

"అమ్మా, చెరువులో కొంగలు లేవు. కొంగలు లేకపోతే కట్టుబాటూ లేదు. అయ్యని తప్పెట లేకుండా పంపినామని నాకు మనసులో ఉండిపోయింది. రేపు కొడతాము. ఊరంతా ఇనిపించేట్టు కొడతాము. పంచాయతీ పెద్ద వద్దన్నా కొడతాము."

నేను అమ్మ ముఖం చూశాను. ఆమెకి కావలసింది అదే. ఆ ఇంట్లో నాకంటే బాగా ఆ సంగతి తెలిసినవాళ్ళు లేరు. నిద్రలో కూడా ఒకసారి రెండు దెబ్బలు అనడం విన్నాను.

"ఒక్కటి గూడా లేదా?" అని అడిగింది.

"లేదమ్మా. పొద్దున కట్ట మీద నుంచే వస్తన్నా."

అమ్మ చెరువు వైపు తల తిప్పింది.

"ఆయన పొయ్యేనాటికి ఉండాయి గదా," అంది.

"ఉండాయమ్మా. చెట్లు వంగిపొయ్యేట్టు ఉండాయి."

"అయితే వద్దులేబ్బా. ఆయన కొంగలుండగా పోయినాడు. అట్నే ఉండనీ."

అతను తప్పెటని ఆ చంక నుంచి ఈ చంకకి మార్చుకున్నాడు. అమ్మ నన్ను మజ్జిగ తెమ్మంది. తాగి వెళ్ళాడు.